లక్ష్మణ్ తొలి టెస్టు ఆడింది ఏ మైదానంలో?

మొన్న ఆదివారం మా అక్క కొడుకు హాస్టల్ నుంచి ఫోన్ చేశాడు. వెనకాల నలుగురైదుగురు కుర్రాళ్ల అరుపులు.

"మావయ్యా, ఒక పందెం. వీవీఎస్ లక్ష్మణ్ తొలి టెస్టు ఎక్కడ ఆడాడు?"

"అహ్మదాబాద్‌లో రా. 1996 నవంబర్, దక్షిణాఫ్రికా మీద."

"అది మాకూ తెలుసు. స్టేడియం పేరు చెప్పు."

"మొతేరా. సర్దార్ పటేల్ స్టేడియం."

అవతల కేరింతలు. నా జవాబుతో మావాడు ఓడిపోయాడు. నరేంద్ర మోదీ స్టేడియం అని అవతలి కుర్రాడు పందెం కాశాడట, వాడే గెలిచాడు. రుజువు కింద ఒక రికార్డుల సైటులోంచి స్కోర్‌కార్డు ఫొటో తీసి పంపారు. భారత్ 223, 190. దక్షిణాఫ్రికా 244, 105. అంకెలన్నీ సరిగ్గానే ఉన్నాయి. పైన మైదానం పేరు దగ్గర మాత్రం నరేంద్ర మోదీ స్టేడియం, మొతేరా, అహ్మదాబాద్ అని ఉంది.

పేరు మారిందన్న దానికి నాకు బాధ లేదు. హైదరాబాద్ ఫతే మైదాన్ 1967లో లాల్ బహదూర్ స్టేడియం అయింది. 1955లో ఉమ్రిగర్ న్యూజిలాండ్ మీద 223 కొట్టింది ఎల్బీ స్టేడియంలో అని ఎవరైనా అంటే నేను తప్పు పట్టను. పేరు వేరైనా ఆ గడ్డ అదే. ఎక్కడ నిలబడి కొట్టాడో అక్కడికి ఇవాళ కూడా మీరు నడిచి వెళ్లొచ్చు. మొతేరా సంగతి అది కాదు. లక్ష్మణ్ ఆడిన స్టేడియాన్ని కూల్చేశారు. స్టాండ్లు, పెవిలియన్, పిచ్, అన్నీ పోయాయి. అదే స్థలంలో పూర్తిగా వేరే స్టేడియం కట్టారు. 1996లో ఆ కొత్త స్టేడియం ఎవరి ఊహలోనూ లేదు. అందులో లక్ష్మణ్ టెస్టు ఎలా ఆడతాడు?

దీన్ని చిన్న విషయం అనుకునేవాళ్లు ఉంటారని తెలుసు. నాకు చిన్నది కాదు. ఆ పాత మొతేరాలో నేను కూర్చున్నాను. అది కూలుతుంటే గేటు బయట నిలబడి చూశాను. పైగా ఆ మైదానంలో మనవాళ్ల చెమట ఎంత ఉందో మన తెలుగువాళ్లకే చాలామందికి తెలియదు.

మొదట్నుంచీ చెప్తాను.

మొతేరా కట్టకముందు అహ్మదాబాద్‌లో పెద్ద క్రికెట్ అంటే ఊరి మధ్యన నవరంగపురాలో ఉన్న స్టేడియమే. చార్లెస్ కొరియా గీసిన నమూనా, మహేంద్ర రాజ్ ఇంజనీరింగ్. మన దేశంలో మొట్టమొదటి వన్డే అంతర్జాతీయ మ్యాచ్ 1981 నవంబర్‌లో ఇంగ్లండ్‌తో జరిగింది అక్కడే. దాని పేరూ సర్దార్ పటేల్ పేరే కావడంతో చాలామంది రెండింటినీ కలిపేసుకుంటారు. అది మున్సిపల్ కార్పొరేషన్‌ది. గుజరాత్ క్రికెట్ సంఘానికి సొంత చోటు కావాల్సి వచ్చింది. ఊరికి ఉత్తరాన, సబర్మతి నది ఒడ్డున మొతేరా గ్రామం దగ్గర 100 ఎకరాలు 1982లో ప్రభుత్వం ఇచ్చింది. ముంబయి వాంఖడే స్టేడియం కట్టిన శశి ప్రభుయే దీనికీ ఆర్కిటెక్ట్. తొమ్మిది నెలల్లో కట్టేశారు. తొమ్మిది నెలల్లో ఒక టెస్టు స్టేడియం! ఇవాళ మా వీధిలో మురుగు కాలువకి అంతకంటే ఎక్కువ కాలం పట్టింది, ఆ లెక్కన చూస్తే ఆ పనివాళ్లకి దండం పెట్టాలనిపిస్తుంది.

1983 నవంబర్ 12న తొలి టెస్టు మొదలైంది. ఎదురుగా వెస్టిండీస్. అప్పటికి ఐదు నెలల కిందటే ప్రపంచకప్ ఫైనల్లో మనచేతిలో ఓడి, కసితో వచ్చిన జట్టు. మన కెప్టెన్ కపిల్‌దేవ్ రెండో ఇన్నింగ్స్‌లో 83 పరుగులకి 9 వికెట్లు తీశాడు. ఒక కెప్టెన్ అంతకంటే ఏం చేయగలడు? అయినా మనవాళ్లు 103కి ఆలౌటై 138 పరుగులతో ఓడిపోయారు. కొత్త మైదానం పుట్టిన రోజే అంత గొప్ప బౌలింగ్‌నీ, అంత ఓటమినీ ఒకేసారి చూసింది.

తర్వాత 1987 మార్చి 7. పాకిస్తాన్‌తో టెస్టు. ఎజాజ్ ఫకీ బంతిని గవాస్కర్ వెనక్కి కోసి పరుగులు తీశాడు. టెస్టుల్లో 10,000 పరుగులు. ప్రపంచంలో అప్పటిదాకా ఎవరూ చేరని చోటు. జనం కంచెలు దాటి మైదానంలోకి వచ్చేశారు, ఆట చాలాసేపు ఆగిపోయింది. ఇది అందరూ చెప్పుకునే కథ. ఇదే టెస్టులో ప్రేక్షకులు రాళ్లు విసిరితే పాకిస్తాన్ ఫీల్డర్లు హెల్మెట్లు పెట్టుకుని ఫీల్డింగ్ చేయాల్సి వచ్చింది. ఇది కూడా ఆ మైదానం చరిత్రే. పాత మొతేరా మీద ప్రేమ ఉన్నవాణ్ణే కానీ ఈ రెండో సంగతి దాచిపెట్టి మొదటిదొక్కటే చెప్పడం నాకు ఇష్టం లేదు.

ఇక 1994. నేను అప్పుడు తెనాలిలో తొమ్మిదో తరగతి. ఫిబ్రవరి 8, మంగళవారం. మా లెక్కల మాస్టారు పాఠం చెప్తూ చెప్తూ మధ్యలో స్టాఫ్ రూమ్‌కి వెళ్లొచ్చేవారు. అక్కడ ట్రాన్సిస్టర్ మోగుతోందని క్లాసు మొత్తానికి తెలుసు. ఒకసారి వెళ్లి తిరిగొచ్చి, సుద్దముక్క తీసుకుని, బోర్డు మీద ఏ సమీకరణమూ లేకుండా 432 అని పెద్దగా రాశారు. ఎవరూ అర్థం అడగలేదు. అందరికీ తెలుసు. కపిల్‌దేవ్ టెస్టు వికెట్ల లెక్క న్యూజిలాండ్ బౌలర్ హ్యాడ్లీ 431ని దాటిపోయింది. తిలకరత్నే బ్యాట్‌కి తగిలిన బంతిని మంజ్రేకర్ పట్టుకున్నాడు, మొతేరా ఆకాశంలోకి 432 బెలూన్లు ఎగిరాయి.

ఆ బెలూన్ల కింద మరుగున పడిపోయిన కథ ఒకటుంది. ఆ టెస్టులో మన కెప్టెన్ హైదరాబాదీ అజహరుద్దీన్, 152 పరుగులు చేశాడు. తూర్పు గోదావరి ఆలమూరులో పుట్టి హైదరాబాద్‌కి ఆడిన వెంకటపతి రాజు రెండు ఇన్నింగ్స్‌ల్లో కలిపి 125 పరుగులిచ్చి 11 వికెట్లు పడగొట్టాడు. అతని టెస్టు జీవితంలో అదే అత్యుత్తమం. శ్రీలంక ఇన్నింగ్స్ తేడాతో ఓడింది. సెంచరీ మనవాడిది, పదకొండు వికెట్లు మనవాడివి. ఊరూరా మాట్లాడుకుంది మాత్రం కపిల్ తీసిన ఆ ఒక్క వికెట్ గురించే. కపిల్ అంతటివాడు, మాట్లాడుకోవాల్సిందే. రాజుని కూడా ఒకసారి తలుచుకోమని మాత్రం అడుగుతున్నాను.

రెండేళ్ల తర్వాత అదే మైదానంలో లక్ష్మణ్ మొదటిసారి టెస్టు టోపీ పెట్టుకున్నాడు. డొనాల్డ్ ఉన్న దక్షిణాఫ్రికా బౌలింగ్. తొలి ఇన్నింగ్స్‌లో 11 పరుగులే. రెండో ఇన్నింగ్స్‌లో జట్టు మొత్తం 190 చేస్తే అందులో 51 ఇరవై రెండేళ్ల ఈ కొత్త కుర్రాడివి. గెలవడానికి దక్షిణాఫ్రికాకి 170 కావాలి. శ్రీనాథ్ 21 పరుగులకి 6 వికెట్లు తీశాడు, వాళ్లు 105కే కుప్పకూలారు. మనం 64 పరుగులతో గెలిచాం. లక్ష్మణ్ చేసిన ఆ 51 తీసేస్తే ఏమయ్యేదో లెక్క వేసుకోండి. ఐదేళ్ల తర్వాత కోల్‌కతాలో చేసిన 281 గురించి పుస్తకాలకు పుస్తకాలు రాయొచ్చు, రాశారు కూడా. ఈ 51 గురించి నాలుగు వాక్యాలు దొరకడం కష్టం.

మొతేరాకీ లక్ష్మణ్‌కీ ఏదో ఋణానుబంధం ఉంది. 2005 డిసెంబర్‌లో శ్రీలంక మీద 104 చేశాడు. ద్రవిడ్ అనారోగ్యంతో తప్పుకుంటే సెహ్వాగ్ కెప్టెన్సీ చేసిన టెస్టు అది. ఆ తర్వాత 2010. అక్కడ నేను ఉన్నాను.

ఉద్యోగం పేరుతో 2009లో అహ్మదాబాద్ చేరాను. ఊరి బయట ఒక మందుల ఫ్యాక్టరీలో క్వాలిటీ విభాగం. 2010 నవంబర్‌లో న్యూజిలాండ్‌తో టెస్టు సరిగ్గా దీపావళికి పడింది. గుజరాత్‌లో దీపావళి అంటే ఒక్కరోజు పండగ కాదు, లాభ్ పాంచమ్ దాకా దుకాణాలు తెరవరు, ఫ్యాక్టరీలు పడుకుంటాయి. హోటళ్లు మూసేసి నాలాంటి ఒంటరి జీవులకి అన్నం దొరకని రోజులు. నాలుగో రోజు సాయంత్రం గదిలో టీవీ పెడితే మన రెండో ఇన్నింగ్స్ 15 పరుగులకి 5 వికెట్లు. క్రిస్ మార్టిన్ అనే బౌలర్ ఒక్కడే ఊచకోత కోస్తున్నాడు. 65 దగ్గర ధోనీ కూడా వెళ్లిపోయాడు. క్రీజులో లక్ష్మణ్, తోడు హర్భజన్.

మర్నాడు పొద్దున్నే ఆటో పట్టుకుని మొతేరా వెళ్లాను. టికెట్ కోసం ఎవరితోనూ పోటీ పడనక్కర్లేదు. యాభై వేలమంది పట్టే స్టేడియంలో మేము చాలా కొద్దిమందిమి. కాంక్రీటు మెట్ల మీద ఎండ. నా పక్కన ఒక ముసలాయన వేయించిన వేరుశనగకాయల పొట్లం, చేతిలో చిన్న రేడియో పెట్టుకుని కూర్చున్నాడు. ఆయన గుజరాతీలో మాట్లాడాడు, నేను వచ్చీరాని హిందీలో. సగం వేరుశనగకాయలు నాకే పెట్టాడు.

లక్ష్మణ్‌ని నేను ప్రత్యక్షంగా చూసింది ఆ ఒక్కరోజే. టీవీలో మనకి మణికట్టు కనబడుతుంది. స్టాండ్‌లోంచి చూస్తే ఇంకోటి కనబడింది. బంతికీ బంతికీ మధ్య ఆయన చేసే పనులు. క్రీజు వదిలి నాలుగడుగులు లెగ్ సైడుకి నడిచేవాడు, పిచ్ మీద ఏదో తట్టేవాడు, హర్భజన్ వైపు ఒకసారి చూసేవాడు, తిరిగి వచ్చేవాడు. తొందర అనేది ఆ మనిషి ఒంట్లోనే లేదు. ఇద్దరూ కలిసి నూట యాభైకి పైగా జోడించారు. లక్ష్మణ్ 91 దగ్గర వెట్టోరీ బంతికి ఎల్బీ ఇచ్చాడు అంపైర్. బ్యాట్‌కి తగిలిందని మాకు అంత దూరంలో ఎలా తెలుస్తుంది? ముసలాయన రేడియో చెప్పింది, బ్యాట్ అంచు తగిలిందని. అంపైర్ తీర్పుని మళ్లీ చూడమని అడిగే డీఆర్ఎస్ పద్ధతిని అప్పటికి మన బోర్డు ఒప్పుకోలేదు. లక్ష్మణ్ తల వంచుకుని మా స్టాండ్ ముందు నుంచే నడిచి వెళ్లాడు. ఉన్న కొద్దిమందిమీ లేచి నిలబడ్డాం. తర్వాత హర్భజన్ తన మొదటి టెస్టు సెంచరీ కొట్టాడు, టెస్టు డ్రా అయింది. ఆ గొప్పతనం హర్భజన్‌దే, కాదనను. నాకు మాత్రం ఇప్పటికీ కళ్లు మూసుకుంటే కనబడేది లక్ష్మణ్ నడిచి వెళ్లిన ఆ దారి.

ఆ దారి ఇప్పుడు లేదు. నా వాదన అంతా అక్కడే ఉంది.

అసలు ఎందుకు కూల్చారు? చిన్నదైపోయింది కనుక. పెద్దది కావాలి కనుక. 2009లో అప్పటి ముఖ్యమంత్రి నరేంద్ర మోదీ గుజరాత్ క్రికెట్ సంఘం అధ్యక్షుడయ్యారు. మరమ్మతులు కాదు, ప్రపంచంలోకెల్లా పెద్ద స్టేడియం కట్టాలన్న ఆలోచన ఆ కాలంలోనిదే. 2015లో పాతదాన్ని మూసి కూల్చడం మొదలుపెట్టారు. 2017 జనవరిలో కొత్తదానికి శంకుస్థాపన. పాపులస్ సంస్థ నమూనా, లార్సెన్ అండ్ టూబ్రో నిర్మాణం. 2020 నాటికి 1,32,000 మంది పట్టే స్టేడియం లేచింది. మెల్‌బోర్న్‌ని దాటేసింది. లోపల ఎక్కడ కూర్చున్నా చూపుకి అడ్డంగా ఒక్క స్తంభం ఉండదు. ఫ్లడ్‌లైట్ టవర్లు లేవు, పైకప్పు అంచు చుట్టూ ఎల్ఈడీ దీపాలు. మైదానంలో 11 పిచ్‌లు, ఆరు ఎర్రమట్టివి, ఐదు నల్లమట్టివి. వాన పడితే నీళ్లు గబగబా దిగిపోయే ఏర్పాటు.

ఇవన్నీ మంచివే. పాత మొతేరాలో మధ్యాహ్నం రెండింటికి కాంక్రీటు మెట్టు మీద కూర్చుంటే ఒళ్లు కాలిపోయేది. మరుగుదొడ్ల సంగతి తలుచుకోకపోవడం మంచిది. ఆడవాళ్లు పిల్లలతో రావాలంటే భయపడేవాళ్లు. అది గుడి కాదు, అలాగే ఉంచి దీపం పెట్టండని నేను అడగడం లేదు. కొత్త స్టేడియం కట్టాలనుకోవడం తప్పని కూడా అనను. నా గొడవ మాట గురించి. పత్రికల్లో, ప్రకటనల్లో, కామెంటరీలో ఎప్పుడూ వినబడిన మాటలు ఆధునికీకరణ, పునర్నిర్మాణం, విస్తరణ. కూల్చివేత అన్న మాట అతి తక్కువ. ఇంటికి సున్నం వేయించడం వేరు, పై అంతస్తు వేయడం వేరు, ఇల్లు పడగొట్టి అపార్ట్‌మెంట్ కట్టడం వేరు. మూడో పని చేసినవాడు తన పాత ఇంటిని విస్తరించానని అనడు. మా నాన్నగారు పెరిగిన పెంకుటిల్లు కూల్చి కట్టిన అపార్ట్‌మెంట్‌లో, అదే డోర్ నంబరుతో, ఇప్పుడు పన్నెండు కుటుంబాలు ఉంటున్నాయి. మా నాన్న ఆ అపార్ట్‌మెంట్‌లో పుట్టాడని మా ఇంట్లో ఎవరం అనం.

లార్డ్స్ మాటేమిటి, ఈడెన్ మాటేమిటి అని ఒక స్నేహితుడు నాతో వాదించాడు. అక్కడ కూడా స్టాండ్లు కూల్చి కట్టారు కదా, 2011 ప్రపంచకప్ ముందు ఈడెన్ రూపమే మారిపోయింది కదా, వాటిని మనం కొత్త మైదానాలు అంటున్నామా? మంచి ప్రశ్న. చాలారోజులు ఆలోచించాను. ఈడెన్‌లో స్టాండ్లు మారాయి, మధ్యనున్న మైదానం బతికే ఉంది. లక్ష్మణ్ 281 కొట్టిన గడ్డి నేల చుట్టూ కుర్చీలు మారాయంతే. లార్డ్స్ కథ ఇంకా గొప్పది. థామస్ లార్డ్ అనే ఆయన తన మైదానాన్ని ఒకచోటు నుంచి మరోచోటుకి మార్చాల్సి వచ్చినప్పుడు పాత మైదానం పచ్చికని మట్టితో సహా పెళ్లగించి తీసుకెళ్లి కొత్తచోట పరిపించాడు. ఇప్పుడున్న లార్డ్స్ 1814 నుంచి ఉంది. చోటు మారినా నేలని వెంట తీసుకెళ్లాడు. మొతేరాలో చోటు మారలేదు, నేలే మారింది. ఈ రెండింటిలో ఏది పాత మైదానానికి కొనసాగింపు అని నన్నడిగితే థామస్ లార్డ్ చేసిందే అంటాను.

ఇది కేవలం మనసు బాధ అని కొట్టిపారేయకండి, ఆటని అర్థం చేసుకోవడానికి కూడా అడ్డం వస్తుంది. మ్యాచ్ ముందు టీవీలో ఈ మైదానంలో అత్యల్ప స్కోరు ఇంత, స్పిన్నర్ల సగటు ఇంత అని పట్టికలు వేస్తారు. 2008 ఏప్రిల్‌లో దక్షిణాఫ్రికా మీద మనం 20 ఓవర్లలో 76కి ఆలౌటయ్యాం, స్టెయిన్ 5 వికెట్లు తీశాడు. మరుసటి ఏడాది శ్రీలంక అక్కడే 7 వికెట్లకి 760 చేసింది, మహేల జయవర్ధనే ఒక్కడే 275. ఆ రెండూ పాత మైదానం పిచ్‌ల మీద జరిగినవి. 2021 ఫిబ్రవరిలో గులాబీ బంతితో ఇంగ్లండ్ 112, 81కి కుప్పకూలి టెస్టు రెండు రోజుల్లో ముగిసింది, అక్షర్ పటేల్ 11 వికెట్లు తీశాడు. అది కొత్త మైదానం, కొత్త మట్టి, కొత్త దీపాలు. ఈ మూడింటినీ ఒకే పట్టికలో వేసి సగటు తీస్తే ఆ అంకె దేన్ని గురించి చెబుతున్నట్టు? పిచ్ గురించా? ఊరి గురించా? క్రికెట్‌లో మైదానం అనేది వేదిక మాత్రమే కాదు. ఆటలో పదమూడో మనిషి. బంతి ఎంత లేస్తుందో, ఎంత తిరుగుతుందో చెప్పేది ఆ మట్టి. మట్టి మారితే మనిషి మారినట్టే.

అందుకే నేను కోరేది చాలా సులువైన పని. రికార్డుల్లో పాత మొతేరాని వేరే మైదానంగా రాయండి. 1983లో మొదలై 2015లో ముగిసిపోయిన మైదానంగా. 12 టెస్టులు జరిగాయి అక్కడ. 2011 మార్చి 24న ఆస్ట్రేలియాతో ప్రపంచకప్ క్వార్టర్ ఫైనల్ జరిగింది అక్కడ, పాంటింగ్ 104 కొట్టినా యువరాజ్ 57 నాటౌట్‌తో మనల్ని గట్టెక్కించాడు. సచిన్ మొదటి టెస్టు డబుల్ సెంచరీ, 1999లో న్యూజిలాండ్ మీద 217, అక్కడే. ఇంత బతుకు బతికిన మైదానం తనకంటూ ఒక పేజీకి నోచుకోదా?

ఆ మైదానంలో చివరి అంతర్జాతీయ మ్యాచ్ కూడా చూశాను. చివరిదని అప్పుడు తెలియదు. 2014 నవంబర్ 6, శ్రీలంకతో వన్డే. ఈసారి నేను ఒంటరిగా లేను, ఫ్యాక్టరీ నుంచి ఆరుగురం వెళ్లాం. శ్రీలంక 274. మన లక్ష్యం 275. మూడో నంబరులో అంబటి రాయుడు వచ్చాడు. గుంటూరులో పుట్టినవాడు, అంటే తెనాలివాడికి దాదాపు ఇంటిపక్కవాడు. నేను లేచి "మా గుంటూరోడు" అని అరిచాను. పక్కనున్న మా ప్యాకింగ్ విభాగం భాయి నా భుజం పట్టి కూర్చోబెట్టి, "ఆ తో ఆపణో బరోడానో ఛే" అన్నాడు. వాడు మా బరోడావాడు అని. నిజమే, రాయుడు అప్పట్లో రంజీ ఆడుతున్నది బరోడాకే. హైదరాబాద్‌లో నిలవలేక, బోర్డు గుర్తించని ఐసీఎల్ అనే లీగ్‌కి వెళ్లి నిషేధం పాలై, చివరికి గుజరాత్ గడ్డ మీద నిలదొక్కుకున్నవాడు. ఆ రాత్రి మా ఆరుగురి మధ్యా అతను ఎవరివాడన్న తగువు నడుస్తూనే ఉంది, అతను పరుగులు చేస్తూనే ఉన్నాడు. అతని మొదటి అంతర్జాతీయ సెంచరీ. 121 నాటౌట్. 45వ ఓవర్లో గెలిచేశాం. బయటికొచ్చి రోడ్డు పక్కన బండి దగ్గర టీ తాగాం. రాయుడి సెంచరీ పేరు చెప్పి ఆ భాయే అందరికీ డబ్బులిచ్చాడు. తగువు తేలలేదు.

2016లో హైదరాబాద్‌కి బదిలీ వచ్చింది. వెళ్లేముందు ఒక సాయంత్రం బండి మీద మొతేరా వైపు వెళ్లాను. గేటు దగ్గర కాపలా మనిషి లోపలికి వెళ్లనివ్వలేదు. బయటి నుంచి కనబడినంత చూశాను. విరిగిన కాంక్రీటులోంచి ఇనుప చువ్వలు బయటికొచ్చి ఉన్నాయి. బ్రేకర్ల మోత. దుమ్ము. నేను కూర్చున్న స్టాండ్ ఎటువైపుండేదో పోల్చుకోవడానికి ప్రయత్నించాను, కుదర్లేదు. పోల్చుకోవడానికి ఏదో ఒకటి నిలబడి ఉండాలి కదా. కాపలా మనిషి, "ఏం చూస్తున్నావు భాయి, అంతా పెద్దగా కొత్తగా కడుతున్నారు" అన్నాడు. మంచి మనిషే. నాకు జవాబు తోచలేదు.

కూల్చేముందు కనీసం ఒక గుర్తు పెట్టి ఉండొచ్చు. పాత పిచ్ ఎక్కడుండేదో చెప్పే ఒక రాయి. గవాస్కర్ పదివేలు పూర్తిచేసిన క్రీజు, రాజు పదకొండు వికెట్లు తీసిన చోటు, లక్ష్మణ్ తొలిసారి గార్డు తీసుకున్న చోటు. పాత గోడ ముక్క ఒకటి కొత్తదాని పక్కన వదిలేసినా చాలు. కొన్ని వందల కోట్ల ఖర్చులో అది ఎంత?

2023 ప్రపంచకప్ ఆరంభ మ్యాచ్ కొత్త స్టేడియంలో అక్టోబర్ 5న జరిగింది. ఇంగ్లండ్, న్యూజిలాండ్. పాత మైదానం గుర్తున్నవాళ్లకి ఒళ్లు జలదరించే సంగతి ఇది. 1996 ప్రపంచకప్ ఆరంభ మ్యాచ్ కూడా మొతేరాలోనే, ఫిబ్రవరి 14న, అవే రెండు జట్ల మధ్య. అప్పుడు నాథన్ యాస్టిల్ 101 చేస్తే న్యూజిలాండ్ 11 పరుగులతో గెలిచింది. ఇప్పుడు కాన్వే, రచిన్ రవీంద్ర ఇద్దరూ సెంచరీలు చేస్తే మళ్లీ న్యూజిలాండే గెలిచింది, తొమ్మిది వికెట్లతో. ఆ రోజు నేను పనిమీద అహ్మదాబాద్ వెళ్లి ఉన్నాను, సాయంత్రానికి మెట్రో ఎక్కి స్టేడియం చేరాను. ఆటోల బేరం లేదు, స్టేషన్ దిగితే స్టేడియమే. పైన మెత్తటి కుర్చీ దొరికింది. ఎండ లేదు. ఆట అద్భుతంగా కనబడింది. చుట్టూ వేల ఖాళీ కుర్చీలు. ఖాళీ స్టాండ్లు నాకు కొత్త కాదు, 2010లో ఆ చివరి రోజు కూడా ఖాళీనే. కానీ అప్పుడు పక్కవాడి రేడియో నాకు వినబడేది, లక్ష్మణ్ మొహం కనబడేది. ఇక్కడ ఆటగాళ్లు చాలా దూరంలో ఉన్నారు.

పక్క సీటులో ఇరవై ఏళ్ల గుజరాతీ కుర్రాడు, ఇంజనీరింగ్ విద్యార్థి. పాత స్టేడియం ఎప్పుడైనా చూశావా అని అడిగాను. "ఇదే కదా అంకుల్ అది, పెద్దది చేశారు" అన్నాడు. కాదు బాబూ అని చెప్పడం మొదలుపెట్టాను. ఆ కుర్రాడు ఫోన్ జేబులో పెట్టేసి విన్నాడు. గవాస్కర్ సంగతి వాడికి తెలుసు. రాజు పేరు ఎప్పుడూ వినలేదు. ఫోన్ మళ్లీ తీసి వెతికి చూసి, "11 వికెట్లా!" అన్నాడు.

మా మేనల్లుడి పందెం విషయానికి వస్తే, ఆ రాత్రే వాడికి పెద్ద మెసేజ్ పెట్టాను. వాళ్ల హాస్టల్ కుర్రాళ్లు ఒప్పుకోలేదట, సైటులో ఉన్నదే లెక్క అన్నారట. సరే. 1994 నుంచీ నా దగ్గర ఒక లాంగ్ నోటుబుక్కు ఉంది, స్కోర్లు రాసుకునేది. దాంట్లో మొతేరా పేజీ తీశాను. అడుగున ఎర్ర సిరాతో గీత గీసి ఇలా రాశాను:

మొతేరా, సబర్మతి ఒడ్డు. తొలి టెస్టు 1983 నవంబర్ 12. చివరి అంతర్జాతీయ మ్యాచ్ 2014 నవంబర్ 6. చివరి సెంచరీ అంబటి రాయుడు, 121 నాటౌట్. కూల్చేశారు.

కొత్త స్టేడియానికి తర్వాతి పేజీ ఇచ్చాను.